తడవురాయి కోసం: తిరుమల కొండ నుంచి భీమిలి ఒడ్డు దాకా

నేను రాస్తున్న కల్పిత కథాలోకంలో ఒక ఖనిజం ఉంది. దాని పేరు తడవురాయి. మూడు లోయల కొండ రాజ్యంలో, భూమి లోతుల్లో అది దొరుకుతుంది. దాని సమీపంలో కాలం నెమ్మదిస్తుంది. ఆ రాజ్యపు కలిమికీ కలహాలకూ ఆ రాయే మూలం. ఇంతవరకు ఊహించడం తేలికే. కానీ కాలాన్ని మార్చే వస్తువును కథలోకి తెచ్చిన రచయిత దానికి కట్టుబాట్లు కూడా ఏర్పరచాలి. అది ఏం చేయగలదో చెప్పినంత స్పష్టంగా ఏం చేయలేదో చెప్పకపోతే, ఏ చిక్కు వచ్చినా దానితోనే తీర్చేయవచ్చు, అప్పుడు పాత్రలు పడే కష్టానికి విలువ ఉండదు. ఆ కట్టుబాట్లను ఊరికే ఊహించి పెట్టడం నాకు ఇష్టం లేకపోయింది. నిజమైన రాళ్ళు కాలంతో ఎలా మెలుగుతాయో కళ్ళారా చూసి, వాటి స్వభావంలోంచే తడవురాయి గుణాలను నిర్ణయించాలని ఈ ప్రయాణం పెట్టుకున్నాను. రాయలసీమలో మొదలై ఉత్తరాంధ్ర తీరంలో ముగిసిన ఆ యాత్ర కథనం ఇది.

మొదటి రోజు: తిరుపతి, తిరుమల

తిరుమల ఘాట్ రోడ్డు మీద ప్రయాణించే వారి మనసు సహజంగానే కొండపైన ఉన్న స్వామి మీద ఉంటుంది. నేనూ ముందు దర్శనం చేసుకున్నాను. ఆ తర్వాత దిగి వచ్చేటప్పుడు బస్సు కిటికీ పక్కన కూర్చుని కొండ ముఖాన్నే చూస్తూ వచ్చాను. పైభాగంలో నిట్టనిలువుగా తెగి, పొరలు పొరలుగా కనిపించే రాయి నగరి క్వార్ట్‌జైటు. అది ఒకప్పటి ఇసుక. నీటి అడుగున పేరుకుని, గట్టిపడి, ఈ రూపానికి వచ్చింది. దాని కింద పొరల జాడ లేకుండా, వాలుగా చెట్ల మధ్యకు దిగిపోయే రాయి అంతకన్నా ఎంతో పాతదైన గ్రానైటు. ఈ రెండూ కలిసే సరిహద్దును శాస్త్రవేత్తలు ఎపార్కియన్ అన్‌కన్ఫర్మిటీ అంటారు. భారత భూగర్భ సర్వేక్షణ సంస్థ దీన్ని జాతీయ భూవారసత్వ స్థలంగా గుర్తించింది. 2025లో తిరుమల కొండలు యునెస్కో ప్రపంచ వారసత్వ తాత్కాలిక జాబితాలో కూడా చేరాయి.

సరిహద్దుకు కింద ఉన్న రాయికీ పైన ఉన్న రాయికీ మధ్య ఎడం 50 కోట్ల ఏళ్ళని కొందరు, 80 కోట్ల ఏళ్ళని మరికొందరు లెక్క కట్టారు. ఏ లెక్క తీసుకున్నా, అంత కాలానికి సంబంధించిన రాయి ఇక్కడ లేదు. అంటే ఆ కాలంలో ఏమీ జరగలేదని కాదు. గ్రానైటు మీద వానలు కురిశాయి, ఎత్తులు అరిగాయి, అరిగినదంతా మరెక్కడికో కొట్టుకుపోయింది. కాలం గడిచింది, గడిచిన గుర్తు మాత్రం మిగలలేదు. నిన్నటి రాయి మీద ఎల్లుండి రాయి నేరుగా వచ్చి కూర్చుంది. స్కాట్లండ్ తీరంలోని సిక్కర్ పాయింట్ దగ్గర 1788లో భూవిజ్ఞాని జేమ్స్ హటన్ ఇలాంటి సరిహద్దునే చూసి, భూమి వయసు కొన్ని వేల ఏళ్ళే అన్న తన కాలపు నమ్మకం నిలవదని వాదించాడు. అటువంటి సాక్ష్యం మన కొండకు వెళ్ళే దారిలోనే ఉండటం నాకు ఎంతో గర్వంగా అనిపించింది.

తడవురాయి మొదటి గుణం నాకు అక్కడే దొరికింది. గనిలో ఒక పూట పనిచేసిన మనిషి బయటికి వచ్చేసరికి బయట ఒక పంటకాలం గడిచిపోయి ఉంటుంది. నాట్లు చూసి లోపలికి దిగినవాడు కోతలు చూస్తూ పైకి వస్తాడు. వాడి జీవితంలో నిన్నటి మీద నేరుగా నాలుగు నెలల తర్వాతి రోజు వచ్చి కూర్చుంటుంది. మధ్యలో పోయిన కాలం ఎక్కడికీ మాయం కాలేదు. అతని భార్య, పిల్లలు, ఇరుగుపొరుగు దాన్ని పూర్తిగా గడిపారు. కాబట్టి ఆ రాయి కాలాన్ని పుట్టించదు, నిలపదు కూడా. ఒకరి కాలాన్ని అతని కళ్ళబడకుండా మరొకరి చేత గడిపిస్తుంది. నా కథలో ఇకపై ఏది మారినా ఈ మాట మారదు.

మన పురాణాల్లో రైవతుడి కథ ఇదే చెబుతుంది. కూతురు రేవతికి తగిన వరుడు ఎవరని అడగడానికి బ్రహ్మలోకానికి వెళ్ళిన ఆ రాజు, అక్కడ గానం ముగిసేదాకా ఒక్క క్షణం ఆగాడు. ఆ క్షణంలో భూమి మీద ఇరవై ఏడు మహాయుగాలు గడిచిపోయాయి. అతను మనసులో అనుకున్న వరులే కాదు, వారి మనవల పేర్లు కూడా ఎవరికీ గుర్తు లేవు. అల్లుణ్ణి వెతకడానికి వెళ్ళిన తండ్రికి తిరిగి వచ్చేసరికి తెలిసినవాళ్ళే లేకపోవడం ఎంత పెద్ద దుఃఖమో, కథ చెప్పేవాళ్ళు సాధారణంగా అక్కడ ఆగరు. నేను ఆగాలనుకుంటున్నాను.

ఆ రాత్రి తిరుపతిలో గదికి చేరాక ఒక చిన్న లెక్క వేసుకున్నాను. భూమి గురుత్వాకర్షణ వల్ల, కిందనున్న గడియారం పైనున్న గడియారం కన్నా నెమ్మదిగా నడుస్తుంది. ఇది ఐన్‌స్టయిన్ సిద్ధాంతం చెప్పిన విషయం. 2010లో అమెరికా శాస్త్రవేత్తలు రెండు పరమాణు గడియారాల్లో ఒకదాన్ని కేవలం 33 సెంటీమీటర్లు పైకి ఎత్తి, ఆ తేడాను కొలిచి చూపించారు. తిరుపతికీ తిరుమలకూ ఎత్తులో తేడా సుమారు 700 మీటర్లు. ఆ లెక్కన కొండమీది గడియారం కిందివాటి కన్నా ఏడాదికి రెండు మైక్రోసెకన్లకు కొంచెం పైగా ముందుంటుంది. సెకనులో పదిలక్షలో వంతులు రెండు అంటే మనిషికి అందే మాట కాదు, కానీ అది సున్నా కాదు. కాలాన్ని మార్చే రాయి పూర్తిగా కల్పన కాదన్నమాట. బరువున్న ప్రతి రాయీ తన చుట్టూ ఉన్న కాలాన్ని ఎంతో కొంత నెమ్మదింపజేస్తూనే ఉంది. తడవురాయిలో ఆ గుణాన్ని నేను కోట్ల రెట్లు పెంచుతున్నాను, పద్ధతిని మాత్రం మార్చడం లేదు. రాశి ఎక్కువైన కొద్దీ, లోతు పెరిగిన కొద్దీ, ఆలస్యం పెరగాలి. జేబులో వేసుకునే ముక్కతో ఏ అద్భుతమూ జరగకూడదు. కొండంత రాయి ఉన్నచోటే, దాని మధ్యకు దిగినవాడికే, దాని బలం తెలియాలి.

రెండో రోజు: కడప, వేంపల్లె, పులివెందుల

ఈ రోజు ఎక్కువ భాగం దారిలోనే గడిచింది. కడప హరివాణంగా పిలిచే ఈ ప్రాంతం సుమారు 44 వేల చదరపు కిలోమీటర్ల మేర నెలవంక ఆకారంలో పరుచుకుని ఉంది. ఒకప్పుడు సముద్రం కింద ఉన్న పల్లం ఇది. వేంపల్లె చుట్టుపక్కల డోలమైటు రాళ్ళలో సన్నని వంపు గీతలు కనిపిస్తాయి. అవి స్ట్రొమటోలైట్లు. లోతులేని నీటిలో కంటికి కనబడని జీవులు పొర మీద పొరగా పెరుగుతూ, బురదను పట్టి ఉంచుతూ కట్టిన నిర్మాణాలు. చేపలు లేని, చెట్లు లేని, ఎముక అన్నదే లేని కాలంలో ఇక్కడ బతుకు ఉండేదనడానికి ఈ గీతలే ఆధారం.

పులివెందుల దగ్గర ఈ పొరల మధ్యకు కరిగిన శిలాద్రవం చొచ్చుకొచ్చి, గడ్డకట్టి ఒక పలకలా మిగిలింది. దానిలోంచి తీసిన బాడెలైట్ అనే జిర్కోనియం ఖనిజపు సూక్ష్మ స్ఫటికాలను పరీక్షించి, ఆ చొరబాటు సుమారు 188 కోట్ల ఏళ్ళ కిందట జరిగిందని తేల్చారు. అంత పెద్ద హరివాణపు చరిత్రకు తేదీ చెప్పినది, కంటికి సరిగా ఆనని గింజ. ఇది నాకు ఉపయోగపడే విషయమే కాని, ఆ రోజు నన్ను ఎక్కువగా ఆలోచింపజేసినది వేరే ఉంది.

వేంపల్లెలో టీ కొట్టు దగ్గర ఒక పెద్దాయన పరిచయమయ్యారు. చిన్నప్పటి నుంచి ముగ్గురాయి గనుల్లో పనిచేశానని చెప్పారు. బెరైటీసును ఈ ప్రాంతంలో ముగ్గురాయి అంటారు. లోపల పొద్దు ఎలా తెలిసేదని అడిగాను.

"పొద్దు యాడ తెలుస్తాది నాయనా? దీపంలో మందు అయిపోతే పూట అయిపోయినట్టు. పైకొచ్చినాక సూర్యుణ్ణి చూసి, ఇంత పొద్దు పోయిందా అనుకునేటోళ్ళం," అన్నారు.

కూలి ఎలా కట్టేవారని అడిగితే, "ఎత్తిన రాయికే కూలి. లోపలున్న పొద్దుకు కాదు," అన్నారు. ఆ మాటలో ఫిర్యాదు లేదు, ఉన్న విషయం చెప్పారంతే. కానీ నాకు మాత్రం కథంతా ఒక్కసారిగా ఆ మాట చుట్టూ చేరింది. తడవురాయి గనిలో కూలి ఏ పొద్దు లెక్కన కట్టాలి? లోపలి వాడి చేతులు ఒక్క పూటే పనిచేశాయి. బయట వాడి ఇల్లు నాలుగు నెలలు గడిచింది. నాలుగు నెలలు పొయ్యి వెలగాలి, బిడ్డకు జ్వరం వస్తే మందు కొనాలి, అప్పుకు వడ్డీ పెరుగుతుంది. యజమాని లోపలి పొద్దు లెక్కన ఒక్క పూట కూలి ఇచ్చి పంపితే, అది ఆ రాజ్యపు చట్టం ప్రకారం తప్పు కాకపోవచ్చు. కానీ అంతకన్నా అన్యాయమైన పని మరొకటి ఉండదు. మాయలూ యుద్ధాలూ ఎన్ని ఉన్నా, నేను రాయవలసిన కథ ఈ కూలి లెక్కదే అని ఆ పెద్దాయన ఎదుట కూర్చున్నప్పుడే నిశ్చయమైంది. సాయంత్రానికి తాడిపత్రి చేరాను.

మూడో రోజు: బెలూం గుహలు

తాడిపత్రి నుంచి కొలిమిగుండ్ల వైపు వెళ్ళే దారి పొడవునా నాపరాళ్ళే. ఇళ్ళ గోడలు, పొలాల గట్లు, అరుగులు, కప్పులు అన్నీ ఆ సున్నపురాయి పలకలతో కట్టినవే. ఆ రాతి పొరల కిందనే, చదునైన పొలాల అడుగున, బెలూం గుహలు ఉన్నాయి. 1884లో బ్రిటిష్ భూవిజ్ఞాని రాబర్ట్ బ్రూస్ ఫుట్ వీటిని ప్రస్తావించాడు. దాదాపు వందేళ్ళ తర్వాత, 1982, 83 సంవత్సరాల్లో డేనియల్ గెబావర్ నాయకత్వంలో జర్మన్ బృందం లోపల తిరిగి కొలతలు తీసింది. 2002లో సందర్శకులకు తెరిచారు. మొత్తం పొడవు 3,229 మీటర్లు.

పైన నేల ఎండకు కాలిపోతూ ఉంటుంది. మెట్లు దిగి లోపలికి వెళ్ళిన కొద్దీ గాలి చిక్కబడి, చెమట ధారలు కడుతుంది. సింహద్వారం, కోటిలింగాలు, ఊడలమర్రి, సప్తస్వరాల గుహ అంటూ ఒక్కొక్క మందిరానికి ఒక్కొక్క పేరు పెట్టారు. ఊడలమర్రి దగ్గర పైకప్పు నుంచి వేలాడుతున్న సున్నపు ఊడలను చూస్తూ నేను కొంచెం ముందుకు వంగగానే, వెంట వచ్చిన గైడు, "ముట్టాకండి సార్, చేతి జిడ్డు తగిలితే మళ్ళా పెరగదు," అన్నాడు. అది నిజమే. చర్మపు నూనె అంటిన చోట నీరు సరిగా పరుచుకోదు, సున్నం పట్టదు.

ఆ ఊడలు ఎలా పెరుగుతాయో చెప్పుకోవాలి. వాననీరు నేలలోకి ఇంకేటప్పుడు మట్టిలోని కార్బన్ డయాక్సైడును కలుపుకుని కొద్దిగా పుల్లబడుతుంది. ఆ నీరు సున్నపురాయిని కరిగించుకుంటూ పగుళ్ళ గుండా దిగుతుంది. గుహ పైకప్పుకు చేరి బొట్టుగా నిలిచినప్పుడు, కలుపుకున్న వాయువు గాలిలోకి పోతుంది, కరిగిన సున్నం కొద్దిగా అక్కడే మిగులుతుంది. బొట్టు వెనుక బొట్టుగా ఇలా మిగిలినదే ఊడ. సాధారణంగా ఏడాదికి మిల్లీమీటరులో పదో వంతు అటూ ఇటూ పెరుగుతుంది. జానెడు ఊడకు రెండు వేల ఏళ్ళు పట్టవచ్చు.

ఆ పెరుగుదలతోపాటు లోపల ఒక లెక్క కూడా సాగుతుంది. నీటిలో యురేనియం కరుగుతుంది, థోరియం దాదాపుగా కరగదు. అందువల్ల కొత్తగా గడ్డకట్టిన సున్నంలో యురేనియం ఉంటుంది కాని థోరియం ఉండదు. ఆ తర్వాత యురేనియం తనంతట తాను క్షీణిస్తూ థోరియాన్ని పుట్టిస్తుంది. రెండింటి పాళ్ళు కొలిస్తే, ఆ పొర ఎప్పుడు గడ్డకట్టిందో ఐదు లక్షల ఏళ్ళ వెనక్కు దాకా చెప్పవచ్చు. అదే పొరలోని ఆక్సిజన్ రకాల నిష్పత్తి ఆనాటి వానల తీరును తెలుపుతుంది. మేఘాలయలోని మామ్లూ గుహలో దొరికిన ఇలాంటి సున్నపు స్తంభం ఆధారంగానే, 4,200 ఏళ్ళ కిందటి పెద్ద కరువును సరిహద్దుగా పెట్టి, ఇప్పుడు మనం ఉన్న కాలఖండానికి 2018లో మేఘాలయన్ యుగమని పేరు పెట్టారు. ప్రపంచమంతటికీ వర్తించే ఒక యుగానికి మన దేశపు గుహలోని ఒక రాయి ప్రమాణం అయింది. ఈ సంగతి తెలిసినవారు ఇంత తక్కువమంది ఉండటం నాకు బాధగా ఉంటుంది.

పాతాళగంగ దాకా దిగాము. అది గుహలో అన్నిటికన్నా లోతైన చోటు, 46 మీటర్లు. సన్నని నీటి ధార ఒకటి అక్కడ కనబడి, రాతి కిందకు పోయి మాయమవుతుంది. ముచికుందుడు యుగాల తరబడి నిద్రపోయింది కూడా గుహలోనే. దేవతల పక్షాన యుద్ధం చేసి అలసిన రాజు నిద్రను వరంగా కోరుకున్నాడు. కృష్ణుడు వచ్చేదాకా ఆ నిద్ర తెమలలేదు. మన పూర్వులు కాలం నెమ్మదించే చోటును ఊహించినప్పుడు ఒకసారి బ్రహ్మలోకాన్నీ, ఒకసారి గుహనూ ఎంచుకున్నారు. గుహ ఎందుకో అక్కడ నిలబడితే బాగా అర్థమవుతుంది. పగలూ రాత్రీ తేడా లేదు, రుతువు తేడా లేదు, బొట్టు పడటం తప్ప మరో కదలిక లేదు.

బెలూంలో తడవురాయికి రెండు కట్టుబాట్లు చేరాయి. అది గుహల్లోనే, బొట్టు బొట్టుగానే పుట్టాలి. జానెడు రాయి పుట్టడానికి రెండు వేల ఏళ్ళు పట్టాలి. తవ్విన చోట, మనిషి చెయ్యి తగిలిన చోట, మళ్ళీ పుట్టకూడదు. ఆ రాజ్యం తన గనులను తరగని నిధిగా లెక్క వేసుకుంటూ ఉంటుంది, రాజు తవ్వకాలను రెట్టింపు చేయమంటాడు. కానీ రాయి ఏర్పడే వేగం ముందు ఏ రాజాజ్ఞకూ బలం లేదు. ఉన్నది తరిగిపోవడమే తప్ప పెరగడం ఉండదు.

నాలుగో రోజు: యాగంటి, జ్వాలాపురం

బనగానపల్లె ప్రాంతానికి వచ్చినవారు కాలం గురించి మాట్లాడకుండా ఉండలేరు. పోతులూరి వీరబ్రహ్మేంద్ర స్వామి గరిమిరెడ్డి అచ్చమ్మ గారి ఆవులను కాస్తూ, రవ్వలకొండ గుహలో కూర్చుని కాలజ్ఞానం రాశారని ఇక్కడివారు భక్తితో చెప్పుకుంటారు. కలియుగాంతంలో యాగంటి బసవన్న లేచి రంకె వేస్తాడన్న మాట ఆ కాలజ్ఞానంలోదే. తెలుగునాట ఆ మాట వినని ఇల్లు ఉండదు. యాగంటి ఉమామహేశ్వరుడి గుడిలో ఆ నంది ఏటేటా పెరుగుతున్నాడని నమ్ముతారు. ఒకప్పుడు చుట్టూ ప్రదక్షిణ చేయడానికి చోటు ఉండేదని, ఇప్పుడు లేదని, పెరుగుదలకు అడ్డమని ఒక స్తంభాన్ని కూడా తీసేశారని అర్చకులు చూపిస్తారు. ఆ నంది ఎదుట చేతులు జోడించి నిలబడినవారి ముఖాలను నేను చాలాసేపు చూశాను. మిగిలిన రాళ్ళన్నీ గడిచిన కాలాన్ని చెబుతాయి. ఈ ఒక్క రాతిలో వాళ్ళు రాబోయే కాలాన్ని చూస్తున్నారు.

ఖనిజాన్ని ఊహించేటప్పుడు దాన్ని తవ్వేవాళ్ళు, కొనేవాళ్ళు మాత్రమే గుర్తొస్తారు. దానికి దండం పెట్టేవాళ్ళు కూడా ఉండాలి. తడవురాయి ఉన్న కొండ చుట్టూ ఊళ్ళున్నాయి. ఆ ఊళ్ళవాళ్ళు తవ్వకం మొదలుకాక ముందు నుంచే, వందల తరాలుగా, గుహ వాకిట దీపం పెడుతున్నారు. లోపలికి వెళ్ళినవాడు ఆలస్యంగా వస్తాడని వాళ్ళకు తెలుసు. అందుకే లోపలికి వెళ్ళకూడదని కట్టడి పెట్టుకున్నారు. ఏదో ఒక రోజు ఆ కొండ తాను పట్టి ఉంచిన కాలాన్నంతా ఒక్కసారి వదిలేస్తుందని వాళ్ళు నమ్ముతారు. నేను ఆ నమ్మకాన్ని కథలో మూఢత్వంగా చూపించను. గని యజమానుల లెక్కల పుస్తకాల్లో లేని జాగ్రత్త ఆ నమ్మకంలో ఉంది.

మధ్యాహ్నం తర్వాత జ్వాలాపురం వెళ్ళాను. జుర్రేరు వాగు లోయలో ఎర్రని, గోధుమ వన్నె మట్టి పొరల మధ్య తెల్లని పొర ఒకటి కనబడుతుంది. అది బూడిద. సుమారు 74 వేల ఏళ్ళ కిందట సుమత్రా దీవిలో టోబా అగ్నిపర్వతం బద్దలైనప్పుడు గాలిలోకి లేచి, బంగాళాఖాతాన్ని దాటి వచ్చి ఇక్కడ పడింది. గత ఇరవై లక్షల ఏళ్ళలో భూమి మీద జరిగిన అతిపెద్ద పేలుళ్ళలో అది ఒకటి. అది పేలిన చోట ఇప్పుడు వంద కిలోమీటర్ల పొడవైన సరస్సు ఉంది. ఇక్కడి లోయలో గాలీ నీరూ పోగుచేసిన బూడిద కొన్ని చోట్ల రెండు మీటర్లకు పైగా మందం ఉంది. రవి కొరిశెట్టర్, మైకేల్ పెట్రాగ్లియాల బృందం ఇక్కడ తవ్వకాలు జరిపి, 2007లో ఫలితాలు ప్రకటించింది. బూడిద పొరకు కింద రాతి పనిముట్లు దొరికాయి, పైన కూడా దొరికాయి. రెండూ ఒకే తీరుకు దగ్గరగా ఉన్నాయి. అంటే ఆకాశం నుంచి బూడిద కురిసినా, ఈ లోయలో మనుషుల బతుకు సాగిందని వారు వాదించారు. ఈ వాదం మీద పండితుల్లో చర్చ ఇంకా ఉంది. కానీ ఆ పొర ముందు నిలబడితే, బూడిద కప్పిన నేల మీద మళ్ళీ రాయి చెక్కడానికి కూర్చున్న మనిషి మీద నాకు ఎనలేని గౌరవం కలిగింది.

ఆ తెల్లని బూడిదను పరిశ్రమల అవసరాలకు తవ్వుకుపోయారు. మిగిలిన చోట్ల గోడలుగా కొంత నిలిచి ఉంది. ఇంత విలువైన సాక్ష్యానికి కంచె, కాపలా, చూడవచ్చిన పిల్లలకు విషయం వివరించే చిన్న శాల ఉండి తీరాలి.

ఈ పొరలో నేను గమనించిన విషయం మందం గురించినది. రెండు మీటర్ల బూడిద కొద్ది కాలంలో పేరుకుంది. దాని కింద అంతకన్నా పలచని మట్టి పేరుకోవడానికి వేల ఏళ్ళు పట్టింది. మందాన్ని చూసి కాలాన్ని చెప్పడం సాధ్యం కాదు. తడవురాయి గనిలోనూ అంతే కావాలి. గోడ మీద కనిపించే చారను బట్టి దాని వెనుక ఎంత రాయి ఉందో తెలియదు. సన్నని చార ఎదుట పని మొదలుపెట్టిన మనిషి ఒక పూట తర్వాత బయటికి వస్తే నాలుగు నెలలు గడిచి ఉండవచ్చు, నలభై ఏళ్ళూ గడిచి ఉండవచ్చు. గనిలో దిగేవాడి భార్య ఆ ఉదయం ఏ లెక్కన బియ్యం కొలిచి పెట్టుకోవాలి? ఈ ప్రశ్నకు జవాబు నాకు ఇంకా దొరకలేదు. దొరకకపోయినా దాన్ని కథలో అలాగే ఉంచుతాను.

ఐదో రోజు: రైలులో

నంద్యాల నుంచి విశాఖపట్నానికి రైలు ప్రయాణం. నల్లమల దాటేదాకా కిటికీ వదలలేదు. ఆ తర్వాత మైదానంలో పొలాలు వచ్చాక, చేతి గడియారం గురించి రాసుకున్నాను. సాధారణ గడియారంలో ఉండేది పలుగురాయి, అంటే క్వార్ట్జ్ స్ఫటికం. విద్యుత్తు తగిలితే అది సెకనుకు 32,768 సార్లు కంపిస్తుంది. ఆ సంఖ్యను పదిహేను సార్లు సగం చేస్తే సరిగ్గా ఒకటి వస్తుంది, ముల్లు ఒక సెకను కదులుతుంది. వాగుల్లో కాళ్ళకు తగిలే రాయి జాతికి చెందిన స్ఫటికమే మన రోజును కొలుస్తోంది. నా కథలో గనివాళ్ళు తడవురాయి పక్కన గడియారం పెట్టి చూస్తారు, అది ఎప్పటిలాగే నడుస్తున్నట్టు కనిపిస్తుంది. ఎందుకంటే చూసేవాడూ గడియారమూ ఒకే నెమ్మదిలో ఉన్నారు. మోసాన్ని పట్టుకోవాలంటే గని వాకిట మరొక గడియారం ఉండాలి, దాన్ని నమ్మదగిన మనిషి చూస్తూ ఉండాలి. ఆ పని గని కార్మికుల ఇళ్ళలోని ఆడవాళ్ళు చేస్తారని నిర్ణయించుకున్నాను.

ఆరో రోజు: ఎర్రమట్టి దిబ్బలు, భీమిలి

విశాఖ నుంచి భీమునిపట్నం వెళ్ళే సముద్రపు దారిలో ఎర్రమట్టి దిబ్బలు వస్తాయి. తిరుమల కొండలతోపాటు ఇవి కూడా 2025లో యునెస్కో తాత్కాలిక జాబితాలో చేరాయి. చివరి మంచుయుగంలో సముద్ర మట్టం ఇప్పటికన్నా 120 మీటర్ల దాకా తగ్గింది. బయటపడిన ఇసుకను గాలి ఒడ్డుకు తెచ్చి పోసింది. ఆ రేణువుల మీద ఇనుము తుప్పు పూతగా పట్టి ఈ ఎరుపు వచ్చింది. వాననీరు కోసిన ఇరుకు లోయల్లో నడుస్తుంటే రెండు పక్కలా ఎర్రని గోడలు మనిషిని మించి లేస్తాయి. ఇటువంటి ఇసుక తమిళనాడు తీరంలో, శ్రీలంకలో తప్ప దక్షిణాసియాలో మరెక్కడా ఇలా లేదంటారు. అటువంటి చోట తవ్వకాలు, కట్టడాలు అంచుల దాకా రావడం చూస్తే మనసు కలుక్కుమంది.

ఈ దిబ్బల వయసు చెప్పేది వాటిలోని పలుగురాయి రేణువులే. మట్టిలో సహజంగా ఉండే అతి స్వల్ప రేడియోధార్మికత వల్ల రేణువు లోపల ఎలక్ట్రాన్లు తమ చోటు తప్పి, స్ఫటికంలోని లోపాల దగ్గర చిక్కుకుంటాయి. రేణువు ఎంతకాలం పూడి ఉంటే అన్ని చిక్కుకుంటాయి. వెలుతురు తగలగానే అవి విడుదలై, సన్నని కాంతిని వెలిగించి, లెక్క మళ్ళీ మొదటికి వస్తుంది. ఎండలో కొద్ది నిమిషాలు చాలు. అందువల్ల ప్రయోగశాలలో ఆ కాంతిని కొలిస్తే, ఆ రేణువు చివరిసారి ఎండ చూసింది ఎప్పుడో తెలుస్తుంది. ఈ పద్ధతిని 1985లో మొదటిసారి ప్రకటించారు. నమూనా తీసేటప్పుడు గొట్టాన్ని గోడలోకి దిగగొట్టి, వెలుతురు సోకకుండా మూసి, ఎర్ర దీపాల గదిలోనే తెరుస్తారు.

ఆ గోడ పక్కన నిలబడి ఉండగానే తడవురాయి చివరి రూపం స్పష్టమైంది. దాని బలం చీకటిలో పోగయ్యేది. ఎండ పొడ తగిలితే ఆ బలం పోతుంది, రాయి మాత్రం మామూలు రాయిగా మిగులుతుంది. కాబట్టి దాన్ని రాత్రిపూటే తరలించాలి, మూసిన పెట్టెల్లోనే దాచాలి, కిటికీలు లేని గిడ్డంగుల్లోనే పేర్చాలి. ధనవంతులు ఆయుష్షు సాగదీసుకోవడానికి ఆ గిడ్డంగుల నడిమధ్య గదులు కట్టుకుని, చీకట్లోనే బతకాలి. రాజ్యంలో అధికారం ఎవరి చేతిలో ఉంటుందో, వెలుతురు ఎవరికి దూరమవుతుందో ఈ ఒక్క గుణంతో తేలిపోయింది. గనివాళ్ళకు కూడా ఒక ఆయుధం దొరికింది. సైన్యం అక్కర్లేదు, మంత్రం అక్కర్లేదు, మిట్టమధ్యాహ్నం గిడ్డంగి కప్పు విప్పగలిగితే చాలు.

సాయంత్రం భీమిలి ఒడ్డున అల వెనక్కు వెళ్ళినప్పుడల్లా ఇసుక మీద నల్లని చారలు మిగలడం చూశాను. తూర్పు కనుమల రాళ్ళు అరిగి, ఏళ్ళ తరబడి కొట్టుకొచ్చిన బరువైన ఖనిజాలు అవి. ఇల్మనైటు, గార్నెట్, సిల్లిమనైటు, మోనజైటు, వాటితోపాటు కొద్దిగా జిర్కాన్. జిర్కాన్ స్ఫటికం ఏర్పడేటప్పుడు యురేనియాన్ని తనలోకి రానిస్తుంది, సీసాన్ని దాదాపుగా రానివ్వదు. ఆ తర్వాత దానిలో కనిపించే సీసమంతా యురేనియం క్షీణించి పుట్టినదే. ఆ యురేనియంలో ముఖ్యమైన రకం సగానికి తరగడానికి సుమారు 447 కోట్ల ఏళ్ళు పడుతుంది. పశ్చిమ ఆస్ట్రేలియాలోని జాక్ హిల్స్‌లో దొరికిన ఇటువంటి గింజల్లో కొన్ని 440 కోట్ల ఏళ్ళ నాటివి. భూమి మీదే పుట్టి మనకు దొరికిన ఖనిజాల్లో అంతకన్నా పాతవి లేవు. కొండ అరిగినా, నది మోసినా, సముద్రం రుద్దినా ఆ లెక్క చెరగలేదు.

పలుగురాయి లెక్క ఎండకు చెరిగిపోతుంది, జిర్కాన్ లెక్క చెరగదు. సీసం మళ్ళీ యురేనియం కాదు. నా కథలో గిడ్డంగి కప్పు విప్పిన తర్వాత ఏం జరగాలో ఈ తేడా చెప్పింది. రాళ్ళ బలం పోతుంది, గదుల్లోని ధనవంతులు మిగతావారితో సమానంగా ముసలివాళ్ళవడం మొదలుపెడతారు. అయితే గనిలో పోయిన పంటకాలాలు గనివాళ్ళకు తిరిగి రావు. బిడ్డ మొదటి అడుగు వేసినప్పుడు పక్కన లేని తండ్రికి ఆ రోజును ఏ రాయీ తెచ్చి ఇవ్వదు. అందుకే కప్పు విప్పడంతో కథ ముగియదు. పోయిన ప్రతి రోజుకూ బయటి పొద్దు లెక్కన కూలి కట్టాలని, గని వాకిట గడియారం చూస్తూ ఆడవాళ్ళు రాసి పెట్టిన పద్దు పుస్తకాలను సభలో చదవాలని కార్మికులు పట్టుబడతారు. రెండో భాగం ఆ సభతో మొదలవుతుంది.